ఝినుక్ గాజులు

“చెయ్యి వదులుగా పెట్టక్కా. విరిచెయ్యనులే!”

సినిమా హాలు ఆడవాళ్ళ గేటు దగ్గర రాహెలా చేతికి గాజులెక్కిస్తోంది ఆ బేదె మనిషి. పడవల్లో పుట్టి పడవల్లో పోయే జాతి. పాములాడించడం, గాజులమ్మడం వాళ్ళ బతుకు.

ఎర్రది, పచ్చది, మళ్ళీ ఎర్రది. ఝినుక్ గాజులు.

మేఘనా నది ఒడ్డున ఇప్పుడు ఏ చేతికి చూసినా అవే. పుట్టిన ఆడపిల్లలకు పేరు కూడా ఝినుక్. సినిమాలో ఝినుక్ అనే బేదె పిల్ల కోసం రాకుమారుడు రాజ్యం వదిలేశాడు మరి. చూడ్డానికి ఊళ్ళకు ఊళ్ళు పడవలెక్కి వచ్చాయి.

“నీ చిటికెన వేలు అంత వంకరపోయిందేం?” గేటు కాసే రాహెలా అడిగింది.

“చిన్నప్పుడు రెండు పడవల మధ్య నలిగిందక్కా.” ఆమె కొంగుముడి విప్పి టికెట్ తీసింది. “లోపలికి పంపవూ? ఇదే ఆఖరాటట. రెండూళ్ళలో గేటు దాటనివ్వలేదు.”

రాహెలా పక్కకు జరగబోయింది.

“ఏయ్, దాన్నెక్కడికి పంపుతున్నావ్?” వరసలోంచి జొహురా అరిచింది. హాలు యజమాని కోడలు. “ఆ బుట్టలో ఏముందో!”

“గాజులేనమ్మా, చూడండి.”

“గాజుల కింద?”

వరసంతా గొల్లున నవ్వింది.

“అది నా పక్కన కూర్చుంటే నేను లేచి పోతా. ఆ తర్వాత నీ ఉద్యోగం సంగతి మామగారు చూసుకుంటారు!”

రాహెలా తల దించుకుంది. ‘రేపు రా’ అనబోయింది. రేపు సినిమా ఉండదు.

“పోనీలే అక్కా. నా కోసం నీ కూడు పోగొట్టుకోకు.”

“అంత చూడాలనేముంది? మీవాళ్ళ కథేగా!”

“అందుకే.” నవ్వింది. “పాము సీను బాగుంటుందటగా?”

“ఏమో! రాకుమారుడి గుండె మీది నాగును ఝినుక్ ఉత్తచేత్తో తీస్తుంది. భయంతో నేనెప్పుడూ కళ్ళు మూసుకుంటా.”

“ఇవాళ మూసుకోకు. నా బదులు చూసిపెట్టు.”

బుట్ట నెత్తికెత్తుకుని రేవు వైపు వెళ్ళిపోయింది.

ఇంటర్వెల్లో వేరుశెనక్కాయలమ్మే ముసలాయన చెప్పాడు. “రేవులో బేదె పడవలు కదిలిపోయాయి. ఎవరో ఒకావిడ సినిమా చూసొస్తుందని ఇంతసేపూ ఆగాయట!”

రాహెలా రేవు వైపు చూసింది.

ఆట మళ్ళీ మొదలైంది. రాహెలా తలుపు పరదా పట్టుకు నిలబడింది. పిల్లనగ్రోవి మోగింది. రాకుమారుడు నిద్రపోతున్నాడు. గుండె మీద నాగు.

“పాపం, బేదె పిల్ల! ఎంత మంచిదమ్మా!” అందరికంటే గట్టిగా ఏడుస్తోంది జొహురా. “ఆ హీరోయిన్‌కి ఎంత ధైర్యం! నిజం పామేనట!”

ఆడవాళ్ళంతా మొహాల మీదికి కొంగులు లాక్కున్నారు.

రాహెలా చెయ్యీ కళ్ళ మీదికి వెళ్ళింది. గాజులు గలగలమన్నాయి.

చెయ్యి దించేసింది.

తెర మీద హీరోయిన్ మొహం. మరుక్షణం మొహం పోయి, చెయ్యొక్కటే.

నిద్రపోతున్నవాడు కదలకుండా, పసిబిడ్డనెత్తుకున్నట్టు నాగును పైకెత్తిన ఆ చేతికి, చిటికెన వేలు వంకరగా ఉంది.