ఆఖరి విమానం

నంద్యాలలో వీడియో ఆటల అంగడి పెట్టిన ఆశీర్వాదానికి నన్ను చూస్తే ఒళ్ళు మంట. ఒక్క బిళ్ళ వేసి పొద్దంతా ఆడతాను మరి. తెర మీద మన విమానాలు మూడూ కూలేదాకా మిషను మనదే. ఆ రూలు పెట్టింది ఆయనే.

ఆ సాయంత్రం రెండు విమానాలు కూలినాయి. మిగిలింది ఒక్కటే.

"కొండన్నా, నెరిసిన మీసానికన్నా సిగ్గు ల్యాదా? లెయ్యప్పా, బేరాలు పోతాండాయి."

"ఇది గూడా కూలితే మళ్ళా నీ అంగడి గడప తొక్కను. అందరి ముందర చెప్తాండా."

అన్నానే గానీ, కూలితే మళ్ళా యాడ ఆడాల? మా ఆళ్ళగడ్డలో ఇట్లాంటి మిషను యాడా లేదు. తెర మీద గుండ్లు వాన మాదిరి పడతాండాయి. ఆశీర్వాదం నా వెనకాల కాలుగాలిన పిల్లి మాదిరి తిరిగి తిరిగి, ఆఖరికి గోడ దిక్కు పోయినాడు.

టప్పుమని తెర నల్లబడింది.

"అయ్యో, కరెంటు పాయె! పో అన్నా, బిరబిరా పోతే ఆళ్ళగడ్డ బస్సు దొరుకుతాది."

నేను లెయ్యలా. ఎదురుగా మంగలి అంగట్లో ఫ్యాను గిర్రున తిరుగుతాంది. ముందు దాన్ని చూపిచ్చినా. తర్వాత ఆయన రాయించిన బోర్డు చూపిచ్చినా: 'కరెంటు పోతే కొత్త ఆట ఉచితం.'

మొగం మాడ్చుకుని, పీకిన ఫ్యూజు మళ్ళా పెట్టినాడు. నాకు మూడు కొత్త విమానాలు వచ్చినాయి.

పాపం, పీకేముందు ఒక్కసారి తెర దిక్కు చూసింటే ఆయనకు నా పీడ వదిలిపోయేది. నా ఆఖరి విమానం అప్పుడే కూలిపోయింది.