ఆడపిల్లకి ఒక పేరు

మూడో అంతస్తుకీ నాలుగో అంతస్తుకీ మధ్య ఇరుక్కుపోయిన లిఫ్టుని కిందికి దించేసరికి మెకానిక్‌కి తల ప్రాణం తోకకొచ్చింది. పానాలు సంచిలో పడేసి మెట్ల మీదే కూలబడ్డాడు. కంటినిండా నిద్రపోయి ఎన్నాళ్ళయిందో లెక్క లేదు.

ఎదురు ఫ్లాట్ తలుపు తెరుచుకుంది. రిటైరైన టీచరుగారు మంచినీళ్ళ గ్లాసు పట్టుకొచ్చింది. ఆ లిఫ్టు నెలకోసారి మొరాయిస్తుంది కాబట్టి ఇద్దరికీ ఆ మాత్రం పరిచయం ఉంది.

"ఏం బాబూ, మొహం అలా పీక్కుపోయింది?"

అతను నీళ్ళు గడగడా తాగేశాడు. "టీచరుగారూ, మీరు బోలెడంతమంది పిల్లల్ని చూసుంటారు. ఆడపిల్లకి ఓ మంచి పేరు చెప్పండి."

ఆవిడ మొహం విప్పారింది. "ఇదా సంగతి. ఇంటికొచ్చి ఎన్నాళ్ళయింది?"

"ఆసుపత్రి నుంచొచ్చి పదకొండు రోజులండి."

"ఆపరేషనా?"

"అవునండి. పెద్దదే."

"రాత్రుళ్ళు జాగారమేనన్నమాట. ఎవరి పోలిక?"

మెకానిక్ ఖాళీ గ్లాసు పక్కన పెట్టాడు. "మా అమ్మ పోలికండి. నాకు నిన్ననే తెలిసింది."

"అదేంటి?"

"మొన్నటిదాకా నేను మొహం చూళ్ళేదండి."

టీచరుగారి నవ్వు మాయమైంది. "ఆడపిల్ల అనా?"

"అవునండి," అన్నాడు. బుకాయించొచ్చు. దానికీ ఓపిక కావాలి. "ఆడపిల్ల అనేసరికి నా వల్ల కాలేదు. మా అన్నదమ్ములేమంటారో, పనిలో వాళ్ళు ఎలా నవ్వుకుంటారో అని. ఆసుపత్రి గడప తొక్కలేదు. అన్నీ మా ఆవిడే చూసుకుంది. నిన్న ఆవిడ కాళ్ళు వాచిపోయి లేవలేకపోతే, పాలు నేను పట్టుకెళ్ళాల్సొచ్చింది. నా వేలు పట్టుకుంటే ఇక వదల్లేదండి."

"ఈ రోజుల్లో కూడానా బాబూ," అంది ఆవిడ. కోప్పడలేదు. ముప్ఫై నాలుగేళ్ళు బడిలో ఇలాంటి తండ్రుల్ని చూసీ చూసీ విసిగిపోయినదానిలా ఉంది ఆ గొంతు.

లోపలికెళ్ళి ఓ లావుపాటి నోటుపుస్తకం తెచ్చింది. హాజరు పిలిచిన ప్రతి పిల్ల పేరూ, దాని అర్థమూ అందులో రాసుకుంది. హీబ్రూ పేర్లంటే ఆవిడకి మహా ఇష్టం. అన్ని దేశాల వాళ్ళ నోళ్ళలో నలిగినా అరిగిపోలేదంటుంది.

"లేయా. పలకడానికి ఎంత హాయిగా ఉందో చూడు."

"అర్థమేంటండి?"

"అలసిపోయినది అంటారు."

"అది నాకు పెట్టాల్సిన పేరండి."

ఆవిడకి నవ్వొచ్చింది. "పోనీ, హన్నా. కృప అని అర్థం."

"బానే ఉంది గానీ, ఎవరో దయతలిచి ఉండనిచ్చినట్టుందండి."

ఆవిడ కళ్ళజోడు సర్దుకుని మరో నాలుగు పేజీలు తిప్పింది. "అయితే ఇది విను. అబిగయీల్. తండ్రికి ఆనందం."

కింద ఎవరో లిఫ్టు బటన్ అదేపనిగా నొక్కుతున్నారు.

"ఆ తండ్రికి ఆనందం లేకపోతేనండీ?" అన్నాడు మెకానిక్. "పేరు అబద్ధమైపోదూ?"

"పేరు పెట్టేది ఇకముందు పిలవడానికే కదా. పిలుస్తూ ఉండు, చూద్దాం."

ఆవిడ ఆ పేరుని ఓ చీటీ మీద రాసిచ్చింది. దాన్ని నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకున్నాడు.

ఇంటికెళ్ళేసరికి భార్య వేడినీళ్ళ బకెట్లో కాళ్ళు పెట్టుకుని కూర్చుంది. అతన్ని చూసి తల తిప్పుకుంది. పేరు మీరే పెట్టాలి, ఇంకెవరు పెట్టినా ఒప్పుకోను అని ఆ ఉదయం తెగేసి చెప్పింది. అప్పట్నుంచి ఇద్దరి మధ్యా మాటల్లేవు.

"అబిగయీల్," అన్నాడు. "తండ్రికి ఆనందమట."

భార్య అతని మొహంలోకి చూసింది. "మనసుతోనే అంటున్నారా?"

"ప్రయత్నిస్తున్నా."

"నాకు కాదు చెప్పాల్సింది. లోపలికెళ్ళి పిలవండి."

గది తలుపు ఓరగా వేసి ఉంది. మంచం మీద గోడ వైపు తిరిగి పడుకుని ఉంది పిల్ల. మందుల వాసన. మెకానిక్ గుమ్మంలోనే నిలబడ్డాడు. అక్కణ్ణించే పిలిచాడు.

"అబిగయీల్."

మెల్లగా ఇటు తిరిగింది. అచ్చం మెకానిక్ తల్లి కళ్ళే, ఆవిడ గడ్డమే. ఆ తర్వాత గుక్కపెట్టి ఏడ్చింది. ఎలా ఊరుకోబెట్టాలో అతనికి తెలియలేదు. మంచం అంచున కూర్చుని, గ్రీజు మరకలు పోని చేత్తో తల నిమురుతూ ఉండిపోయాడు. ఏడుపు ఆగేసరికి మంచం పక్కన పెట్టిన పాలు చల్లారిపోయాయి.

మర్నాడు సెలవు పెట్టి నమోదు ఆఫీసుకి వెళ్ళాడు. రెండు గంటలు వరసలో నిలబడితే గుమాస్తా కిటికీ దాకా చేరాడు.

"ఆడా, మగా?" గుమాస్తా తలెత్తకుండానే అడిగాడు.

"ఆడపిల్ల."

అంత గట్టిగా అంటానని అతనూ అనుకోలేదు. వెనకవాళ్ళు ఇద్దరు ముగ్గురు తొంగిచూశారు. చూడనీ అనుకున్నాడు. చీటీ ముందు పెట్టుకుని, పేరుని ఒక్కో అక్షరమే ముత్యంలా దిద్దాడు. తండ్రి అన్నచోట తన పేరు రాసి, ఫారం లోపలికి తోశాడు.

గుమాస్తా దాన్ని వెనక్కి తిప్పి వేలితో చూపించాడు. "ఇదొకటి వదిలేశారు."

'పాత పేరు' అని ఉన్న ఆ గడిలో, ఇరవై మూడేళ్ళ కిందట ఇదే కిటికీ దగ్గర మీసం మెలేస్తూ ఈ పిల్లకే రాయించిన తన ఒక్కగానొక్క కొడుకు పేరు రాశాడు మెకానిక్.