జానెడు నూలు

"మిల్లు గుడ్డ మనల్ని ముంచేసింది చౌడమ్మా. ఆరునెల్లు జోలార్పేటలో రైలుకూలి చేసి వచ్చినానంటే ఈ ఇంట్లో నాలుగు మగ్గాలు ఆడతాయి, చూస్తా ఉండు."

దేవరాజులు మూట భుజానికెత్తుకుని, నాలుగో మగ్గం ఎక్కడ పడుతుందో పెళ్ళానికి వేలుపెట్టి మరీ చూపించాడు. "ఆ కిటికీ కింద. యెలుతురు బాగుంటాది."

చౌడమ్మకు నిజంగానే అక్కడ మగ్గం కనిపించింది. గుడియాత్తంలో తమ వీధి మలుపుదాకా నవ్వుతూ సాగనంపి వచ్చింది.

ఉన్న ఒక్క మగ్గాన్నీ తుడుద్దామని వంగింది. నేసిన గుడ్డ కోసేటప్పుడు అచ్చులో, పోగులు దూర్చే ఆ పళ్ల చట్రంలో, జానెడు నూలు వదిలేయాలి. కొత్త పడుగు పోగుల్ని వాటికే ముడేస్తారు. ఇక జన్మలో నేయనని అనుకున్నవాడే ఆ జానెడూ లాగేస్తాడు.

అచ్చులో ఒక్క పోగు లేదు.

చౌడమ్మ గోడకు ఆనుకుని కూలబడింది. పొయ్యి వెలిగించలేదు. ఆరునెల్ల మాట ఒట్టిదే. ఆ మనిషి ఇక రాడు.

ఆ ఇంట్లో ఆడవాళ్లు నూలు చుట్టాలేగానీ మగ్గం గుంటలో దిగకూడదు. మధ్యాహ్నం దాటాక ఆమె లేచి, తాను చుట్టిన నూలు తెచ్చుకుని గుంటలోకి దిగింది. వెయ్యికి పైగా పోగులు, అచ్చులోకి ఒక్కొక్కటే దూర్చాలి. మొదటిది మూడుసార్లు జారిపోయింది.

తలెత్తి కిటికీ కింద ఖాళీ జాగా వైపు చూసింది.

"అబద్ధమే చెప్పి పోయినావు," అంది. "ఆ నాలుగో మగ్గాన్ని నేను మాత్రం చూసేసినాను."