కోర్టుకొచ్చిన వంటామె

"ముప్పై ఏండ్లుగా కతలు చెప్తాండా. ఒక్క ముక్కన్నా కల్పించినానని ఎవుడన్నా అనమను చూద్దాం!" అన్నాడు చిన్నపుల్లయ్య.

"పోయిన శుక్రారం, తుపాను గాలికి ఎగిరిపోయే ఒంటెను తోక పట్టుకోని నిలేసినా అంటివే?" అన్నాడు పక్కింటి డ్రైవరు మునీంద్ర.

"నిలేసినా. లేదనడానికి నువ్వు చూసినావా?"

కువైట్‌లో, సల్వాలోని చిన్నపుల్లయ్య డ్రైవరు గదంతా నవ్వింది. ఎడారిలోని కబ్ద్ నుంచి వచ్చిన పెంచల్ ఒక్కడే నవ్వలేదు. "ముందు ఆ సీరియల్ సంగతి చెప్పు చిన్నాయనా," అన్నాడు.

అది అమెరికా సీరియల్. అరవై ఏళ్ల కిందట అక్కడి దక్షిణాదిలో కొందరు తెల్లవాళ్లు నల్లవాళ్లను చంపి, ఊళ్ల నోళ్లు మూయించారు. రాజధాని నుంచి వచ్చిన ఒక ఆఫీసరు ఆ హత్యలను ఒక్కొక్కటే తవ్వుతున్నాడు. ఒక హత్యకు సాక్షి ఒక్కతే ఉంది. హంతకుడి ఇంట్లోనే వంట చేసే నల్ల ముసలామె. పని పోతుందన్న భయంతో ఆమె నోరు విప్పడం లేదు.

నాలుగో తరగతి చదివిన చిన్నపుల్లయ్యకు ఆ కథ తెలిసే పద్ధతి వేరు. వంటింటి టీవీలో మాటలు ఇంగ్లీషు, కింద పడే అక్షరాలు అరబ్బీ. ఇంటిపని చేసే జీనత్ రాయచోటి నుంచి వచ్చి ఆరు నెలలు. చిన్నప్పుడు ఖురాన్ చదివింది కాబట్టి ఆమెకు అక్షరాలు వచ్చు, అర్థం రాదు. ఏళ్ల తరబడి అరబ్బీ విన్న చిన్నపుల్లయ్యకు అర్థం వచ్చు, అక్షరం రాదు. మధ్యాహ్నం ఇంటి యజమానురాలు మామా కునుకు తీసే వేళ ఆమె కూడబలుక్కుని పైకి చదువుతుంది. ఆయన తలూపుతూ వింటాడు. శుక్రవారం వచ్చేసరికి అది తెలుగు కథ అయిపోతుంది.

అందరూ వెళ్లాక పెంచల్ మిగిలాడు.

"ఆ ముసలామె సాక్ష్యం చెప్తాదా చిన్నాయనా?"

"ఏమోరా. మంగళారం ఆఖరి భాగం."

పెంచల్ పనిచేసే మేకల ఫారంలో నెల కిందట ఇద్రీస్ అనే సూడాన్ కాపరి చనిపోయాడు. నీళ్ల ట్యాంకు మీంచి జారిపడ్డాడని ఫోర్‌మన్ పోలీసులకు చెప్పాడు. కానీ ఫోర్‌మన్ ఇనప కడ్డీతో కొట్టడం పెంచల్ చూశాడు. "నల్లోడి కోసం ఎవడొస్తాడు? నోరు తెరిచావో, నీ ఇఖామా ఖలాస్!" అని ఫోర్‌మన్ బెదిరించాడు. ఇఖామా పోతే ఈ దేశంలో ఉండే అనుమతి పోయినట్టే. ఈ సంగతి పెంచల్ చెప్పుకున్నది చిన్నపుల్లయ్య ఒక్కడికే.

"నన్నేం జెయ్యమంటావు?" అన్నాడు పెంచల్.

"నేనెవుర్ని చెప్పడానికి? సీరియల్లో ఏం జరిగితే అది చెప్తా. అంతే."

మంగళవారం ఆఖరి భాగంలో జీనత్ ఒక వరుస చదవగానే చిన్నపుల్లయ్య చాయ్ గ్లాసు కింద పెట్టాడు.

"ఇంగొకసారి సదువుమే."

ఆమె మళ్లీ చదివింది.

"సరే, కట్టెయ్."

"ఏమైంది చిన్నాయనా? నాకూ చెప్పరాదా?"

"శుక్రారం అందరితో పాటు విందువులే."

శుక్రవారం గది నిండిపోయింది. జీనత్ గుమ్మంలో నిలబడి వింటోంది.

"కోర్టు తలుపు తెరుచుకుండాది. ముసలామె వచ్చింది. తెల్ల కోక కట్టుకోని..."

"అమెరికాలో కోక యాడిది?" అన్నాడు మునీంద్ర.

"గౌనురా, గౌను! కాళ్లు వణుకుతాండాయి. 'చూసినావా?' అని జడ్జీ అడిగినాడు. తిండి పెట్టేవోని పక్కకే వేలెత్తి, 'వాడే' అనింది!"

"పని పోలేదా?" పెంచల్ అడిగాడు.

"పోయింది. పోతే? తెల్లోళ్లు ఎదురొస్తే పక్కకు దిగి నడిచే మనిషి, ఆ పొద్దు ఈది నడిమధ్యన నడిచిపోయింది."

ఆదివారం పెంచల్ పోలీస్ స్టేషన్‌కు వెళ్లాడు. దుబాసీ మూడుసార్లు తిప్పి తిప్పి అడిగినా ఒకటే మాట చెప్పాడు. అతణ్ని చూసి, అదే ఫారంలోని ఇద్దరు బంగ్లాదేశీలు కూడా వచ్చి చెప్పారు. ఫారం యజమాని, అతని వీసా పూచీదారు అయిన కఫీల్ రెండు రోజులు అతనితో మాట్లాడలేదు. మూడో రోజు తానే వెళ్లి పెంచల్ ఇఖామా రెన్యువల్ చేయించాడు. కొన్ని నెలలకు పెంచల్ కోర్టులోనూ అదే చెప్పాక, ఫోర్‌మన్‌కు జైలు శిక్ష పడింది. ముబారక్ అల్ కబీర్‌లో డ్రైవరుగా ఉన్న ఇద్రీస్ తమ్ముడు కోర్టు బయట పెంచల్ రెండు చేతులూ పట్టుకుని, చాలాసేపు వదల్లేదు.

తీర్పు తర్వాతి శుక్రవారం పెంచల్ ఫారం నుంచి మేకపాలు పట్టుకుని వచ్చాడు. వంటింటి గుమ్మం దగ్గరే ఆగి అడిగాడు.

"చిన్నాయనా, ఆ ఆఖరి భాగం ఒక్కసారి చూపియ్యి. బోనులో కాళ్లు వణికినప్పుడంతా ఆ యమ్మనే తల్చుకున్యా. ఆమె మొగం చూడాల."

"నేను పెడ్తా రాన్నా, టీవీలో రికార్డయి ఉండాది," అంటూ జీనత్ రిమోట్ అందుకుంది.

చిన్నపుల్లయ్య ఆమె చేతిలోంచి రిమోట్ తీసేసుకున్నాడు. పెంచల్ ముఖంలోకి చూసి, చెవుల దాకా నవ్వాడు.

"ఆ యమ్మ కోర్టుకు రానేలేదురా, రప్పించింది నేనే."