పంచనామా, ఏడవ టేకు

న్యాయదేవత కళ్లగంతలు విప్పే మహత్కార్యాన్ని తన భుజాన తానే వేసుకున్న డాక్యుమెంటరీ దర్శకులు సాయిబాబు గారు సపరివారంగా సూర్యాపేటకు వేంచేశారు.

చిత్రం బాలాజీ అనే యావజ్జీవ ఖైదీ గురించి. అతని ఇంట్లో మంచం కింద గొడ్డలి దొరికిందన్న పంచనామాయే కేసుకు ప్రాణం. దానిపై సాక్షి సంతకాలు చేసిన ఇద్దరిలో ఒకరు గతించారు. రెండవవాడు అచ్చయ్య నోరు విప్పితే అప్పీలులో బాలాజీ బయటపడతాడని వకీలు చెప్పాడు.

దర్శకుల వారు కోదాడ, హుజూర్‌నగర్ గాలించి, అచ్చయ్య జాడ లేదని కెమెరా ముందు మూడు రకాల విషాదంతో ప్రకటించారు.

ఇక ఆ ఘట్టాన్ని నటింపజేయడమే మిగిలింది.

షూటింగు రోజున బాలాజీ భార్య నీలా ములాఖత్‌కని జైలుకు వెళ్లింది. చూడవచ్చిన గుంపులో ఒక ముడతల ముఖం దర్శకుల కళాదృష్టికి ఆనింది.

"ఆ ముసలాయన సాక్షిగా పనికొస్తాడు. పట్టుకురా."

పేరు రాసుకోమంటారా అని సహాయకురాలు ఉమ అడిగింది. ముఖం చాలునన్నారు.

ముసలాయన చేతులు జోడించాడు. "పిలుస్తరనుకోలె సారు."

దర్శకులు ఆ వినయాన్ని తమ కీర్తి ఖాతాలో జమ వేసుకున్నారు.

మొదటి టేకు. మంచం కింద నుంచి గొడ్డలి తీశారు. ముసలాయన తల తిప్పుకున్నాడు.

"గొడ్డలి చూడవయ్యా."

"నేను సూడలె సారు."

"అందుకే ఇప్పుడు చూడమంటున్నాను."

నాలుగవ టేకులో సంతకం పెట్టమని కాగితం ఇచ్చారు.

"దీని మీద రాసి ఉన్నది సారు. తెల్ల కాగితమియ్యుండ్రి."

పంచనామాకు ఖాళీ కాగితంపై సంతకాలు తీసుకోవడం ఠాణాల్లో ఉన్న అలవాటేనని, ఆ సంగతి ఇక్కడ అందరికీ తెలుసునని ఉమ మెల్లగా విన్నవించింది. అందరికీ తెలిసినది కళ కాజాలదని దర్శకులు సెలవిచ్చారు.

ఏడవ టేకులో ముసలాయన కలం కింద పెట్టేశాడు.

"ఈసారన్న నిజం జెప్పనియ్యుండ్రి సారు."

"నటనే రానివాడికి నిజం దేనికయ్యా? వెళ్లు."

అతడు సాయంత్రం దాకా రోడ్డు పక్కన నిలబడి, మళ్లీ పిలుపు రాకపోవడంతో మిర్యాలగూడ బస్సెక్కాడు. ఆ ఏడు టేకులనూ మెమరీ కార్డులో చోటు కోసం అప్పుడే చెరిపేశారు. మర్నాడు సుమన్ అనే సీరియల్ నటుడు ఒకే టేకులో గొడ్డలిని చూసి, నిట్టూర్చి, సంతకం చేసి, కన్నీరు కూడా ఉచితంగా కార్చాడు.

నెల తరువాత ఎడిటింగ్ గదికి నీలా వచ్చింది. ఆమె ఏదో చెప్పబోతుండగా, ముందు కాస్త నవ్వుకొమ్మంటూ దర్శకులు ఫోనులో ఒక ఫొటో చూపించారు.

"మీ జిల్లా మహానటుడు. ఏడు టేకులు తిన్నాడు."

నీలా ఆ ముఖాన్ని వేళ్లతో పెద్దది చేసి చూసి, ఫోను తిరిగి ఇచ్చేసింది.

"అచ్చయ్య జాడ దొరికిందని చెప్పనీకె వచ్చిన సారు, మొన్న మిర్యాలగూడల దినాలు చేసిండ్రు, దండేసిన ఫొటోల ఉన్నది గీయనే."