తలుపు తాళం

లైన్‌మన్ మీటరు పెట్టె తెరిచేసరికి, మెట్ల కింద స్టూలు మీద కూర్చున్న ముసలాయన లేచి అడ్డం నిలబడ్డాడు.

"నాలుగో అంతస్తు కరెంటేనా తీస్తున్నావు?"

"అవును. జరుగు పెద్దాయనా."

"నోటీసు ఇచ్చావా?"

"వారం కిందటే వచ్చాను. తలుపు తాళం వేసుంది."

అది లైన్‌మన్ చేతికొచ్చిన విద్య. లిఫ్టు లేని మేడల్లో పై అంతస్తుల నోటీసులన్నీ కింది మెట్టు మీద కూర్చునే రాసేసేవాడు: తలుపు తాళం. మోకాళ్లకూ శ్రమ తప్పేది, రిజిస్టరూ నిండేది.

ముసలాయన ఆ నోటీసు నకలు అడిగి తీసుకుని చదివాడు.

"నిజం చెప్పు. ఎన్ని మెట్లు ఎక్కావు?"

లైన్‌మన్‌కు ఒళ్లు మండింది. "నువ్వేమన్నా నా ఆఫీసరువా?"

"మీటరు తప్పు చూపిస్తోందని ఆ ఇంటివాళ్లు ఫిర్యాదు పెట్టారు. అది తేలేదాకా తీయకూడదు. మిల్లు దుమ్ముకి ఆ ఇంటాయన ఊపిరితిత్తులూ పోయాయి, ఆవిడవీ పోయాయి. ఆయన ఇక లేడు. ఆవిడ ఊపిరి మిషన్ మీద ఉంది బాబూ."

"నేను పనిముట్ల సంచి తీస్తే చాలు, ఊళ్లో సగం మందికి ఆయాసం వచ్చేస్తుంది."

తన మాటకు తనే నవ్వుకున్నాడు.

"ఒక్కసారి పైకొచ్చి చూడు. డెబ్బై రెండు మెట్లు. తర్వాత నీ ఇష్టం."

"పన్నెండింటిలోగా ఇంకా తొమ్మిది ఇళ్లు తిరగాలి. తప్పుకో."

ఫ్యూజు పీకాడు. మీటరు మీద ఎర్ర దీపం ఆరిపోయింది.

ముసలాయన చెప్పులు అక్కడే వదిలేసి, రెండేసి మెట్లు దాటుతూ పైకి పరుగెత్తాడు. ఆ వయసులో ఆ పరుగు లైన్‌మన్ చూశాడు. అయినా సంచి సర్దుకుని బయటికి నడిచాడు.

మూడో ఇంటి దగ్గర ఇంజనీరు ఫోన్ చేశాడు.

"నాలుగో అంతస్తుది తీయొద్దు. ఫిర్యాదు ఇంకా విచారణలో ఉందట. తీసేశావా?"

జవాబు చెప్పకుండానే వెనక్కి పరుగెత్తాడు. ఫ్యూజు పెట్టాడు. ఆ మెట్లు మొదటిసారి ఎక్కాడు.

తలుపు బార్లా తెరిచి ఉంది. గడియ ఉండాల్సిన చోట మేకుల రంధ్రాలు తప్ప ఏమీ లేవు. తాళం వేద్దామన్నా వేసే వీలు లేదు.

లోపల మిషన్ మళ్లీ గుర్రుమంటోంది. మంచం పక్కన ముసలాయన రెండు చేతులతో ఊపిరి అందించే రబ్బరు సంచి నొక్కుతూనే ఉన్నాడు. ఆవిడ కూతురు, తల్లి తెరిచున్న కళ్లను చేత్తో మూసింది.

"ఇక చాలు బాబాయ్," అంది.

ఆయన ఆపలేదు.

లైన్‌మన్ ఏదో ఒకటి అనాలి కాబట్టి అన్నాడు.

"మీ... మీ బాబాయా అమ్మా?"

"కాదు." ఆమె అతని వైపు చూడలేదు. "ఆరేళ్లుగా రోజూ వచ్చి మీటర్ల దగ్గర కాపలా కూర్చుంటాడు. మా నాన్న ఊపిరి మిషన్ మీద ఉండగా, తలుపు తాళం అని రాసి కరెంటు తీసిన లైన్‌మన్ ఆయనే."