మంచినీళ్ళ సీసా

“ఇంక చాలండి ముసలయ్యగారూ, బయటికొచ్చేయండి,” అన్నాడు జనార్దన్, నీళ్ళసీసాతో అద్దాల గదిలోకి వచ్చి.

కాట్రేనికోన ఎగ్జిబిషన్లో ఈ ఉపవాస ప్రదర్శన పెట్టింది అతనే. మంచినీళ్ళు తప్ప ఏమీ ముట్టనన్న ముసలయ్యకు ఇది పదకొండో రోజు. అద్దం బయట జనం వీడియోలు తీస్తున్నారు.

“వద్దండి. జనం నమ్మేరు.” పెదవులు పగిలి మాట సరిగ్గా రావడం లేదు.

జనార్దన్ గొంతు తగ్గించాడు. “మొన్నట్నించీ సీసాల్లో కొబ్బరినీళ్ళు కలుపుతున్నానండి. మా ఇళ్ళల్లో ఉపవాసానికి అవి తప్పు కాదండి.”

“ఆయ్. మొదటి గుక్కలోనే తెలిసిందండి.”

ముసలయ్య మంచం కింద నుంచి సీసాలు లాగాడు. ఒకదాంట్లో గుక్కెడు తగ్గింది. మిగిలినవన్నీ నిండుగానే ఉన్నాయి.

జనార్దన్ చేతిలోని సీసా వెనక్కి దాచుకున్నాడు. “ఒక్క మాట చెప్పకపోయేరా అండీ!”

“ఇంతమందిలో చెబితే మీ పరువేం కానండి?”